బెంచీకి ఎడమ పక్క

జూన్ 10

ఒసేయ్ పొట్టీ,

క్షేమమా అని అడగను. నువ్వు పంపిన నాలుగు ముక్కల కార్డు చూస్తే క్షేమంగానే ఉన్నట్టున్నావు, లేకపోతే నలభై ముక్కలు రాసేదానివి. ఇక్కడ నేను బాగానే ఉన్నాను. మీ బావా బాగానే ఉన్నారు, తుమ్ములు తప్ప.

వారపత్రిక వాళ్లు మళ్లీ సీరియల్ అడిగారు. జూలై మొదటి శుక్రవారం నుంచి మొదలు. అంటే మా ఇంట్లో ప్రేమ మొదలైందన్నమాట. కంగారుపడకు, మా ఇద్దరికీ కాదు, కాగితం మీద. పగలంతా ప్రెస్సులో ప్రూఫులు దిద్ది ఇంటికొచ్చి, చొక్కా విప్పి కొక్కేనికి తగిలించి, బీరువాకు ఎదురుగా వేసుకున్న బల్ల ముందు కూర్చుంటారు. గడ్డిపువ్వు గాలి తగిలితే వరసగా పదిహేను తుమ్ములు కదా, అందుకని కిటికీ సందులకు పాత పేపర్లు అంటించి ఎనిమిదేళ్లయింది. ఆ బీరువా తలుపు వంక చూస్తూ కొండలూ వాగులూ వెన్నెలా రాస్తారు. నేను పక్క గదిలో చాప మీద కూర్చుని సాపు రాస్తాను. ఆయన దస్తూరీ కంపోజిటర్ల సంగతి సరే, ఒక్కోసారి రాసిన ఆయనకే అర్థం కాదు. పదహారేళ్లు, పదకొండు నవలలు. ఎన్ని జంటల్ని ఏటి ఒడ్డున కలిపానో, ఎన్ని జంటల్ని వానలో తడిపానో! ఆయనతో కలిసి నేను తడిసింది మాత్రం ఒక్కసారే, అదీ వంటింట్లో కుళాయి పగిలినప్పుడు.

ఈసారి చోటు దొరకడం లేదట. ఆయన పద్ధతి నీకు తెలుసుగా, ముందు చోటు, తర్వాతే మనుషులు. "గదిలో కూర్చోబెడితే ఇద్దరూ సంసారం మాట్లాడతారే. బయట నిలబెడితేనే ప్రేమ మాట్లాడతారు" అంటారు. మరి మనం పదహారేళ్లుగా గదిలోనే ఉన్నాం కదండీ అంటే, "అందుకే కదా సంసారం సాఫీగా సాగుతోంది" అన్నారు. నవ్వాలో ఏడవాలో తెలియక పాలు పొంగుతున్నాయంటూ లేచిపోయాను. పాలు పొయ్యి మీద లేనే లేవు.

నిన్న గడ్డం గీసుకుంటూ, "మీ చెల్లెల్ని రాయమను, ఆ ఆనకట్ట దగ్గర ఎలా ఉంటుందో. ఆవిడ ఉత్తరాల్లో గాలి ఆడుతుంది" అన్నారు. నా ఉత్తరాల్లో ఏం ఆడుతుందో నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. కాబట్టి రాయి. రోజూ పొద్దున వాన కొలవడానికి నువ్వెళ్లే దారి, చెట్టూ పుట్టా, అన్నీ వివరంగా రాయి. చదివి వినిపిస్తాను.

నీ అక్క

తా.క. పెళ్లి సంగతి ఎత్తను. ముప్పై ఆరేళ్లొచ్చినా "నాకెవరూ వద్దు" అనేదానికి ఎవరు చెప్పగలరు? ఎత్తనన్నాను, ఎత్తలేదు.


జూన్ 21

అక్కా,

ఎత్తనంటూనే ఎత్తావు. నీకు నువ్వే సాటి.

బావగారికి చోటే కావాలంటే నా దగ్గర బోలెడంత ఉంది, ఎంత కావాలంటే అంత పట్టుకెళ్లమను. నా క్వార్టర్ గడప దాటగానే కట్ట ఎక్కే మెట్లు, యాభై నాలుగు. పదమూడో మెట్టు కదులుతుంది, కొత్తవాళ్లెవరైనా అక్కడ తూలాల్సిందే. పైకెక్కితే ఒక పక్క కనుచూపు మేర నీళ్లు. రెండో పక్క చాలా కిందన గడ్డి, అందులో మేకలు చీమలంత. కట్ట మీద అర కిలోమీటరు నడిస్తే కంచె వేసిన చిన్న జాగా, అందులో నా వాన డబ్బా. ఎనిమిదిన్నరకు మూత తీసి, గీతల సీసాలో పోసి చూసి, రిజిస్టర్లో రాస్తాను. ఆకాశం ఎంత కురిసిందో పై ఆఫీసుకు చెప్పడం, అదీ నా ఉద్యోగం. వాళ్లకేమో నేను చెప్పేదాకా వాన పడ్డట్టే కాదు!

డబ్బా దాటాక ఓ రాతి బెంచీ. ఎవరు వేయించారో ఎవరికీ తెలియదు. దాని వెనక పేరు తెలియని చెట్టు, నెలంతా పసుప్పచ్చ పూలు. గాలి వీస్తే రిజిస్టర్లో రాలతాయి, చూడకుండా మూసేస్తే అతుక్కుపోతాయి. జూన్ పేజీల నిండా పసుపు మరకలే. 

ఇప్పుడు ఆ బెంచీకి ఎడమ పక్కన కూర్చునే నీకిది రాస్తున్నాను. గేట్లు ఎత్తే గంట మోగింది. నీళ్లు ముందు తెల్లగా దూకుతాయి, కాసేపటికి ఎర్రబడతాయి. నిన్న ఇరవై రెండు మిల్లీమీటర్లు కురిసింది. గొడుగు ఉంది, అయినా నా ఎడమ భుజమంతా తడిసిపోయింది. జలుబేమీ చేయలేదులే.

నాలుగు గోడల మధ్య నాకు ఊపిరాడదని నీకు తెలుసు. ఇక్కడ మనిషి నోరు విప్పకపోయినా మాట్లాడినట్టే ఉంటుంది. నువ్వూ ఒకసారి రారాదూ? బావగారి ముక్కుకు గుడ్డ కట్టి తీసుకురా.

ఉంటా మరి.
నీ చెల్లి

తా.క. రెండో కాగితం మూల కాస్త జిడ్డయింది. తిట్టకు, తిరగరాసే ఓపిక లేదు.


జూలై 22

పొట్టీ,

నీ ఉత్తరం అందిన రోజు నుంచి మా ఇంట్లో నీదే రాజ్యం. ఆయన గడ్డం గీసుకుంటుంటే చదివి వినిపించాను. బెంచీ దగ్గరికి వచ్చేసరికి బ్లేడు ఆగింది. "మళ్లీ చదువు" అన్నారు. చదివాను. "గొడుగు దగ్గర నుంచి మళ్లీ" అన్నారు. మూడోసారి సబ్బు ఆరిపోయిన మొహంతోనే వచ్చి, "ఇలా ఇవ్వు, నేను చూస్తాను" అని తీసుకుని సొరుగులో పెట్టేసుకున్నారు. ఇంతవరకూ తిరిగివ్వలేదు.

పెళ్లయిన కొత్తలో అమ్మకు ఒంట్లో బాగాలేదని మూడు నెలలు మనింట్లో ఉన్నాను, గుర్తుందా? అప్పుడు ఆయనకు ఆరు ఉత్తరాలు రాశాను. మొన్న బీరువా అడుగు అరలో బట్టలు తీస్తుంటే, కింద పరిచిన కాగితాల మీద నా దస్తూరీ నాకే కనిపించింది. ఆరింట్లో నాలుగు దొరికాయి. ఆయన తప్పని కాదు, కాగితాలు అవసరమై ఉంటాయి. ఏదో తోచి రాశాను.

సీరియల్ చదువుతున్నావో లేదో! నీ కట్టా, నీ కదిలే మెట్టూ, నీ పసుపు పూలూ అన్నీ వచ్చేశాయి. చోటు అడిగింది నేనే కాబట్టి దానికేమీ అనను. కానీ ఆ కథలో అమ్మాయి కూడా పొట్టిగా ఉందే! బెంచీకి ఎడమ పక్కన కూర్చుంటోంది. గొడుగులో నడుస్తోంది, ఎడమ భుజం తడుస్తోంది. ఆ తడిసిన భుజం గురించి ఆయన పేజీన్నర రాశారు. నేను పేజీన్నరా సాపు చేశాను. పదకొండు నవలల్లో ఎవరి భుజం గురించీ ఆయన రెండు వాక్యాలకు మించి రాయలేదు.

ఇంకో సంగతి. ఈ నెల మొదట్లో ఆయన రెండు రోజులు ఊళ్లో లేరు. ఓనరు కొత్త మెషిన్ చూడటానికి తీసుకెళ్లాడన్నారు. తిరిగొచ్చాక చెప్పులు కడుగుతుంటే పట్టీల దాకా ఎర్రమట్టి. మెషిన్లు మట్టిలో మొలుస్తాయా అని అడుగుదామనుకున్నాను. అడగలేదు.

నీ వైపు ఈ మధ్య చుట్టాలెవరైనా వచ్చారా? ఊరికే అడుగుతున్నాను. కొత్త స్టవ్ కొన్నాం, వత్తులు సరిగ్గా ఎక్కడం లేదు, ఇల్లంతా ఒకటే పొగ.

అక్క


ఆగస్టు 12

అక్కా,

చుట్టాలా? ఇక్కడికి వచ్చేది మేకలూ, ఆరు నెలలకోసారి ఇంజినీరు గారూ. అదేం ప్రశ్న?

నేనే నిన్నొకటి అడగాలి, దాచకుండా చెప్పు. మొన్న ఎనిమిదో తేదీ సంచికలో ఆ బెంచీ దగ్గరికి ఒక మనిషి వచ్చాడు కదా. చేతులు నూనె గుడ్డతో తుడుచుకుంటాడు. కూర్చునే ముందు చెప్పులు విప్పి పక్కన పెడతాడు. అది చదివి పత్రిక మడిచి రిజిస్టర్ కింద దాచేశాను. ఈ సంగతి బావకెవరు చెప్పారు? నేను నీకు రాయలేదు. ఎవరికీ చెప్పలేదు కూడా. బావ ఇటుపక్కకు గానీ వచ్చారా? వస్తే నన్ను కలవకుండా ఎందుకెళ్లారు? కట్ట మీద ఎవరినైనా ఏమైనా అడిగారా?

నిజం చెప్పు అక్కా. ఇక్కడ అందరూ ఆ పత్రిక చదువుతారు. టీ బడ్డీ దగ్గర ఒక్క సంచిక పదిమంది చేతులు మారుతుంది. నా మానాన నేను బతుకుతున్నాను, నా పేరు నలుగురి నోళ్లలో నానడం నాకిష్టం లేదు. ఈ సీరియల్ సంగతి బావకు నువ్వు కొంచెం చెప్పి చూడు. చోటు మార్చమను. ఏ సముద్రమో పెట్టుకోమను.

ఇంకేం రాయాలో తోచడం లేదు. వాన ఏడు మిల్లీమీటర్లు.

చెల్లి


ఆగస్టు 25

చెల్లీ,

నీ ఉత్తరం ఆయనకు చదివి వినిపించలేదు. పది రోజులు నాలోనే పెట్టుకుని తిప్పుకున్నాను. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టుంది అది. తడుముకోవడానికి నీకు తడిసిన భుజం ఉండనే ఉందిగా.

ఎవరికీ చెప్పని సంగతి ఆయనకెలా తెలిసిందని నన్నే అడుగుతున్నావా? నేను సాపు రాసేదాన్నే గానీ, చదువురాని దాన్ని కాదు. చెప్పకుండా తెలిసిందంటే చూసి ఉండాలి. చూశారంటే అక్కడ ఉండాలి. చెప్పులకు ఎర్రమట్టి ఊరికే అంటదు. "చోటు మార్చమను" అంటావా? నలుగురికీ తెలిసిపోతుందని కదూ నీ భయం!

చిన్నప్పుడు నా గౌనులు నీకొచ్చేవి, నా పుస్తకాలు నీకొచ్చేవి. ఇచ్చిన ప్రతిసారీ ఏడ్చాను, అయినా ఇచ్చాను. నీకు ఆకాశం ఉంది, నీళ్లున్నాయి, పూలచెట్టుంది. నాకున్నవి రెండు గదులూ, ఆ మనిషీ. ఆ మనిషి వీపు చూస్తూ పదహారేళ్లు గడిపాను, మొహమంతా కాగితానికే ఇచ్చేశాడు కాబట్టి. ఆ వీపు కూడా నీకే కావాలా?

నాకు కుళ్లుగా ఉంది. పేరు పెట్టి చెబుతున్నాను. అన్నం తింటుంటే కుళ్లు, బట్టలు ఆరేస్తుంటే కుళ్లు. నువ్వు ఆ బెంచీ మీద కూర్చుని కాళ్లూపుకుంటుంటావని తలుచుకుంటే నా చేతిలో కలం కాగితంలోకి దిగబడుతోంది.

సెప్టెంబరు అయిదో తేదీ సంచిక తప్పకుండా చదువు. నా జవాబు అందులో ఉంటుంది. ఆయన రాసేది ఎవరైనా చదివేది నా దస్తూరీలోనే. అది ఆయన మర్చిపోయారు, నువ్వూ మర్చిపోయావు.


సెప్టెంబరు 8

అక్కా,

చదివాను. "ఇక ఇక్కడికి రావద్దు. ఈ బెంచీ మీద మీకు చోటు లేదు." ఆ అమ్మాయి అతని మొహం మీదే అనేసింది. బావ మాట కాదది. చిన్నప్పుడు ఉయ్యాల మీద నుంచి నన్ను తోసేసి నువ్వన్న మాట అది.

నువ్వేం చేశావో నీకు తెలియదు. చెబుతాను, అంతా చెబుతాను, ఇక దాచి ఏం లాభం?

ఇక్కడ గేట్ల ఫిట్టర్ ఒకాయన ఉన్నారు. నలభై దాటాయి. తల్లి మంచం పట్టి పదేళ్లు ఉంటే ఆవిడకు అన్నీ తానే అయి, పెళ్లి మాట మర్చిపోయిన మనిషి. పోయిన చలికాలం ఒకరోజు నేను రిజిస్టర్ రాసుకుంటుంటే, "కూర్చోవచ్చా అండీ" అన్నారు. చెప్పులు విప్పి కుడి పక్కన కూర్చున్నారు. అప్పట్నుంచీ రోజూ తొమ్మిది నుంచి తొమ్మిదిన్నర. అంతే అక్కా, అరగంట. నీళ్ల గురించి, కొంగల గురించి. ఒకరోజు వాన ఎక్కువై ఆఫీసు గదిలోకి పరిగెత్తాం. నాలుగు గోడలూ ఓ బల్లా రెండు కుర్చీలూ. ఒక్క మాట రాలేదు ఇద్దరికీ, పరాయివాళ్లలా గడియారం చూసుకుంటూ కూర్చున్నాం. అందుకే నీకు చెప్పలేదు. చెబితే ఇంట్లోకి వస్తుంది, ఇంట్లోకి వస్తే ఊపిరాడక చస్తుందని భయం.

ఆ సీరియల్ మా బావ రాస్తారని ఆయనకు నేనే చెప్పాను, గొప్పగా. చెప్పులు విప్పడం దాకా వచ్చేసరికి ఆయనేమనుకున్నారో తెలుసా? నేను నోటితో చెప్పలేనివన్నీ బావ చేత రాయించి పంపుతున్నాననుకున్నారు. ప్రతి శుక్రవారం చదివి, శనివారం కొంచెం దగ్గరగా కూర్చునేవారు. నాకు భయం వేసింది, నిజమే. కానీ ఆపాలనిపించలేదు, అదీ నిజమే.

అయిదో తేదీ సంచిక చదివారు. ఆరో తేదీ రాలేదు. ఏడున గేట్లకు ఆ చివర నుంచి నూనె పెట్టడం మొదలుపెట్టారు, నా వైపు రావాల్సిన పని లేకుండా. ఇవాళ ఆఫీసు గదిలో ఎదురుపడితే నోరు తెరిచాను. గుమాస్తా ఉన్నాడు, ఫ్యాను తిరుగుతోంది, గొంతులోంచి మాట రాలేదు. "చదివానండీ. అర్థమైంది" అన్నారాయన, నెమ్మదిగా. బల్ల మీద ఆయన పెట్టిన బదిలీ కాగితం ఉంది. నెలాఖరుకు వెళ్లిపోతారు.

బావ మీద అనుమానమా నీకు, నా మీదా? ఈ చెట్టు కింద ఆయన రెండు నిమిషాలు నిలబడితే తుమ్ములకి కట్ట తెగుతుంది. నవ్వు రావడం లేదు అక్కా. ముప్పై ఆరేళ్లకు ఒక్కటి నాదంటూ దొరికింది. ఆ గౌనులన్నీ తిరిగిచ్చేస్తాను, దీన్ని ఇప్పించు.

చెల్లి


సెప్టెంబరు 12

తల్లీ,

తిట్టు. తిట్టడానికి కూడా ఓపిక లేకపోతే దాచుకుని తర్వాత తిట్టు. చేతులు కాలాక ఆకులు పట్టుకుంటున్నాను, తెలుసు.

నీ ఉత్తరం పట్టుకెళ్లి ఆయన బల్ల మీద పెట్టాను. "మా చెల్లి సంగతి మీకెలా తెలిసింది?" అన్నాను. ఆయన సొరుగు తెరిచి నీ పాత ఉత్తరం తీశారు. అంచున ప్రూఫు పెన్సిల్‌తో మూడు గుర్తులున్నాయి.

"ఒక్కతే కూర్చున్న మనిషి బెంచీ మీద కూర్చున్నానని రాస్తుంది. ఎడమ పక్కన అని రాసిందంటే కుడి పక్కన ఎవరో ఉన్నారు" అన్నారు. మొదటి గుర్తు. "గొడుగు కింద ఒక్కరే ఉంటే కాళ్లు తడుస్తాయి. ఒక్క భుజమే తడిసిందంటే గొడుగు ఇద్దరిది." రెండో గుర్తు. మూడోది ఆ జిడ్డు మరక చుట్టూ గీసిన సున్నా. "ఇంత వెడల్పు బొటనవేలు మీ చెల్లిదా? మెషిన్ నూనె ఇది, ప్రెస్సులో రోజూ చూస్తాను."

"మరి చెప్పులు?"

"నూనె చేతుల మనిషి, అలాంటి పిల్ల పక్కన కూర్చోవాలంటే ఏదో ఒకటి శుభ్రం చేసుకోవాలి కదా. చెప్పులు నేనే విప్పించాను."

"మరి నాకెందుకు చెప్పలేదు?"

"ఆవిడ దాచుకున్న సంగతి నేను చెబితే ఏం బాగుంటుందే?"

"చెబితే బాగోదు గానీ, అచ్చేసి ఊరంతా పంచితే బాగుంటుందా!" అన్నాను. పెన్సిల్ సొరుగులో పడేసి మూసేశారు మహానుభావుడు. ఎర్రమట్టి కూడా తేలింది, బస్సు దిగబడితే దిగి తోశారట.

అప్పుడు, సాపు రాస్తూ అమ్మాయి నోట ఆ రెండు మాటలూ నేనే కలిపానని చెప్పేశాను. అచ్చయిన తన కథ ఆయన చదవరు, రోజంతా అచ్చు చూసే కళ్లు కదా, అందుకే తెలియలేదు. తర్వాతి పన్నెండో తేదీ భాగంలో ఆ జంట ఊసే లేదు, అదీ కలిసొచ్చింది. అరుస్తారనుకున్నాను. "ఈ బెంచీ మీద మీకు చోటు లేదు... మంచి వాక్యమే. నాకు తట్టలేదే" అన్నారు. ఒళ్లు మండింది చూడూ!

"మా చెల్లి ఎటు కూర్చుందో కాగితం మీద కనిపెట్టారు. సరే, నేను ఎటు కూర్చుంటానో చెప్పండి" అన్నాను. ఆయన పక్క గదిలోకి చూశారు. చాప అక్కడే పరిచి ఉంది. పదహారేళ్లుగా వీపు ఆనించి కూర్చుంటే సున్నం మీద మచ్చ పడింది, మనిషంత మచ్చ. దాన్ని చూసైనా చెప్పొచ్చు. ఆయన చూస్తూ నిలబడ్డారు, చెప్పలేకపోయారు. నాకు నీ మీద కాదే కుళ్లు. నీ ఎడమ భుజం మీద. దాన్నొకడు చూశాడు, చూసిన సంగతి ఇంకొకడు కాగితంలోంచి చూశాడు. నా భుజాలు రెండూ పొడిగా ఉన్నాయి.

చివరికి ఆయన కలం నా చేతిలో పెట్టి, "పాడుచేసింది నువ్వు. బాగుచేయడం నాకు చేతకాదు, నువ్వే రాయి" అన్నారు. రాశాను, మధ్యాహ్నమంతా కూర్చుని. ఇవాళే పత్రికకు వెళ్లింది. పంతొమ్మిదో తేదీ శుక్రవారం వస్తుంది. ఆ మాట తనది కాదని, చోటు ఎప్పుడూ ఉందని ఆ అమ్మాయి చెబుతుంది. ఇరవయ్యో తేదీ పొద్దున నువ్వు బెంచీకి ఎడమ పక్కన కూర్చో. మధ్యలో కూర్చోకు.

కానీ పొట్టీ, పత్రికను నమ్ముకుని నోరు కుట్టుకుని కూర్చోకు. నోరుంటే తలగాస్తుందంటారు. నీ మాట నువ్వే చెప్పు.

నీ పాపిష్టి అక్క


సెప్టెంబరు 25

అక్కా,

గొంతు పోయింది. ఉత్తరం కాబట్టి నీకు తెలియడం లేదు.

నువ్వు రాసిన భాగం రాలేదు. పదిహేడు నుంచి ఒకటే వాన, కల్వర్టు కొట్టుకుపోయి బస్సు ఆగిపోయింది. పంతొమ్మిదిన పత్రిక లేదు. ఇరవయ్యో తేదీ పొద్దున డబ్బాలో నూట నలభై మిల్లీమీటర్లు, నా ఉద్యోగంలో అంత ఎప్పుడూ చూడలేదు. అయినా గొడుగేసుకుని వెళ్లి ఎడమ పక్కనే కూర్చున్నాను. తొమ్మిదయింది, తొమ్మిదిన్నరయింది. ఆయన ఎందుకొస్తారు? చదివితే కదా!

అప్పుడు నీ ఆఖరి మాట గుర్తొచ్చింది. లేచి గేట్ల వంతెన మీదకు నడిచాను. అయిదు గేట్లూ ఎత్తారు, కింద నీళ్ల మోతకు వంతెన అదురుతోంది. ఆయన ఆ చివర నూనె డబ్బాతో ఉన్నారు. "ఆ మాట నాది కాదండీ!" అన్నాను. చెయ్యి చెవికి అడ్డం పెట్టుకున్నారు. 

"రాసింది మా అక్క!" అని అరిచాను.

"ఎవరూ?"

"మా అక్క! కుళ్లుకుని రాసింది!"

"ఆవిడ నన్ను చూడనైనా లేదు కదండీ, నా మీద ఎందుకు కుళ్లు?"

"మీ మీద కాదు, నా మీద! బెంచీ మీద చోటుంది! మీకే ఉంది! ఇంకెవరికీ లేదు!"

గేట్లు తిప్పే నలుగురూ తిప్పడం ఆపేసి నిలబడిపోయారు. ఇక నా పేరు నలుగురి నోళ్లలో ఏం ఖర్మ, నలభై మంది నోళ్లలో నానుతోంది. నానితే నాననీ. ఆయన డబ్బా కింద పెట్టి, గుడ్డతో చేతులు తుడుచుకున్నారు, చాలాసేపు తుడుచుకున్నారు. "వాన కాస్త తగ్గనివ్వండి, వస్తాను" అన్నారు.

వాన తగ్గలేదు. సాయంత్రం అయిదింటికి నా క్వార్టర్ గుమ్మంలో చెప్పులు విప్పారు. మళ్లీ నాలుగు గోడలు! తలుపూ రెండు కిటికీలూ బార్లా తెరిచేశాను. జల్లు లోపలికి కొట్టింది, నా మంచం తడిసింది, రిజిస్టర్ తడిసింది. ఆయన కుర్చీ జల్లు పడే చోటికి జరుపుకుని కూర్చున్నారు. రెండు గంటలు మాట్లాడుకున్నాం అక్కా, మా ఇంట్లోనే! సోమవారం బదిలీ కాగితం వెనక్కి తీసుకున్నారు. నవంబరులో పెళ్లి, అమ్మకు నువ్వే చెప్పాలి.

మంగళవారం పత్రిక వచ్చింది. బెంచీ మీద కూర్చుని ఇద్దరం కలిసి చదివాం. ఆ అమ్మాయి ఎదురుచూసే చోట ఆయన ఆగి, మళ్లీ మొదటి నుంచి చదివారు. "ఇది మీ బావగారు రాయలేదండీ. ఎవరో చాలా ఏళ్లు ఎదురుచూసిన మనిషి రాశారు" అన్నారు.

నీ సంగతి రాయి. ఈసారి స్టవ్ వత్తుల గురించి కాదు.

నీ చెల్లి


అక్టోబరు 6

ఒసేయ్ పెళ్లికూతురా,

అమ్మకు చెప్పాను. ముందు ఏడ్చింది, తర్వాత ఫిట్టర్ జీతమెంతని అడిగింది, తర్వాత మళ్లీ ఏడ్చింది. ఒప్పుకున్నట్టే.

మీ ఆయన అన్న ఆ మాట నేను మూడుసార్లు చదివి కాగితం మడిచి పెట్టుకున్నాను. ఆ రోజంతా ఏ పనీ చేయలేదు. నన్ను ఒక్కసారైనా చూడని మనిషికి తెలిసింది. నీ మీద ఇప్పటికీ కుళ్లుగానే ఉంది, అబద్ధమెందుకు? కాకపోతే ఇప్పుడు కుళ్లుతో పాటు నవ్వూ వస్తోంది.

మీ బావ ఒక పని చేశారు. ప్రెస్సు నుంచి ఆ సంచిక తెచ్చుకుని, నేను రాసిన భాగం చదివారు. పెన్సిల్ పట్టుకునే చదివారు గానీ ఎక్కడా గుర్తు పెట్టలేదు. చదివి, పక్క గదిలోకి వెళ్లి గోడ దగ్గర నిలబడ్డారు.

నిన్న ఆదివారం సాయంత్రం నేను చెప్పులు వేసుకున్నాను. "ఎక్కడికే?" అన్నారు. "చోటు వెతకడానికి" అన్నాను. రమ్మని పిలవలేదు, పిలిచాక వస్తే అది నా గొప్పే అవుతుంది, ఆయనది కాదు. పోస్టాఫీసు వెనక కాలువ గట్టు మీద ఓ సిమెంటు బెంచీ ఉంది. నీకు ఉత్తరాలు వేయడానికి పదహారేళ్లుగా దాని పక్క నుంచే వెళ్తున్నాను, ఒక్కరోజూ కూర్చోలేదు. ఎవరైనా చూస్తే ఏమనుకుంటారో అని. నిన్న కూర్చున్నాను. మధ్యలో కాదు.

అరగంటయింది. ఎదుటి గట్టు మీద ఓ కుర్ర జంట వెళ్తుంటే వాళ్ల మీదా కుళ్లుకున్నాను, అలవాటు ఎక్కడికి పోతుంది? మబ్బు పట్టింది. లేద్దామా అనుకుంటుంటే వెనక నుంచి ఒక తుమ్ము వినిపించింది. వరసగా ఇంకో ఆరు. ఈ ఊళ్లో ఎంతమంది తుమ్మినా నేను వెనక్కి తిరక్కుండా గుర్తుపట్టేది ఆ ఒక్క తుమ్మే. ముక్కుకు చేతిరుమాలు కట్టుకుని, చంకలో గొడుగుతో వచ్చి నిలబడ్డారు. బెంచీ వంక చూశారు, నన్ను చూశారు. జరగమని అడగలేదు. కుడి పక్కన కూర్చున్నారు.

"గోడ మీద మచ్చ అంత పెద్దదయ్యేదాకా చూడలేదే" అన్నారు. రుమాల్లోంచి మాట సరిగ్గా రాలేదు, అయినా నాకు వినిపించింది.

తర్వాత ఏం మాట్లాడుకున్నామంటావా? నీ పెళ్లి, అమ్మ ఏడుపు, స్టవ్ వత్తులు. బయట కూర్చోబెట్టినా మేం సంసారమే మాట్లాడుకున్నాం. "మీ సిద్ధాంతం తప్పండీ" అంటే, "అవునే" అని ఇంకోసారి తుమ్మారు. అప్పుడే చినుకులు మొదలయ్యాయి.

పెళ్లికి వస్తున్నాం. ఇద్దరం. ఆ పసుపు పూలచెట్టు కింద ఆయన్ని కూర్చోబెట్టే పూచీ నీది.

నీ అక్క

తా.క. గొడుగు ఉంది. అయినా నా ఎడమ భుజమంతా తడిసిపోయింది.